పక్క మగ్గం జవాబు

మిల్లు కాలనీలో ఆమెను అందరూ కెమెరా అనే పిలుస్తారు. "కెమెరా వచ్చిందట", "కెమెరా వాళ్ళమ్మకు ఒంట్లో బాగా లేదట" అని వీధి వీధంతా మాట్లాడుకుంటుంది. కన్నవాళ్ళు పెట్టిన పేరు గుర్తింపు కార్డులో తప్ప ఇంకెక్కడా పనికి రాకుండా పోయింది. ఆమె కూడా ఆ సంగతి పట్టించుకోలేదు. భుజాన బరువు లేకుండా ఆమెను చూసినవాళ్ళెవరూ లేరు మరి.

ఆమె తీసేవి డాక్యుమెంటరీలు. అదీ మూతపడ్డ ఫ్యాక్టరీల మీద. పొగ రాని పొగగొట్టాలు, తుప్పు తిన్న రేకుల షెడ్లు, గేటు ముందు ఎదిగిన పిచ్చిమొక్కలు, ఒకప్పుడు ఆ గేటులోంచి వచ్చీపోయిన మనుషుల జ్ఞాపకాలు, ఇవే ఆమె సినిమాలు. మామూలు మనుషులు ముక్కు మూసుకుని దాటిపోయే చోట ఆమె కాలు ఆగిపోతుంది. కూలడానికి సిద్ధంగా ఉన్న గోడ కనబడితే చాలు, పసిపిల్లను చూసినట్టు మురిసిపోతుంది. తోళ్ళ ఫ్యాక్టరీ మీద ఒకటి తీసింది, కాగితం మిల్లు మీద ఒకటి, గాజు ఫ్యాక్టరీ మీద ఒకటి. చదువుకున్నవాళ్ళు హాళ్ళలో కూర్చుని చూసి చప్పట్లు కొట్టారు, కళ్ళు తుడుచుకున్నారు, ఆ తర్వాత టీ తాగి ఎవరిళ్ళకు వాళ్ళు వెళ్ళారు.

"బతికున్న ఫ్యాక్టరీలో చేరితే జీతమైనా వస్తుంది. చచ్చిన ఫ్యాక్టరీ చుట్టూ తిరిగితే ఏమొస్తుందే నీకు?" అనేది తల్లి.

"పేరొస్తుందమ్మా."

"ఉన్న పేరే పోగొట్టుకున్నావు కదే!"

తల్లి బట్టల మిల్లులో మగ్గాల షెడ్డులో పనిచేసింది. పెళ్ళికాకముందు చేరి, మిల్లు మూతపడే రోజుదాకా చేసింది. భర్త పోయినా, చెవులు మందగించినా, మానలేదు. ఇంట్లో ఆమె నోట్లో నాలుక లేని మనిషి. కావలసినంతే మాట్లాడుతుంది, అదీ ఎవరైనా అడిగితే. కూతురిని ఉడికించేటప్పుడు మాత్రం ఎక్కడ దాచుకుందో, ఒక మాట తీసి విసిరేది.

ఊళ్ళో మిల్లులన్నీ తీసిన కూతురికి సొంత మిల్లు మాత్రం గుర్తు రాలేదు. ఎప్పుడూ ఇంటి వెనకాలే ఉంది కదా, ఎక్కడికి పోతుందిలే అనుకుంది. తీరా అది పోయే రోజు వచ్చింది. స్థలం ఎవరో కొన్నారు. గోడలు పడగొట్టే యంత్రాలు గేటు దగ్గరికి వచ్చి నిలబడ్డాయి. అప్పుడు కాళ్ళకు బలపం కట్టుకుని తిరగడం మొదలుపెట్టింది. ఒకపక్క గోడలు కూలుతుంటే వాటి ముందు పరిగెత్తుతూ తీసింది. ముసలివాళ్ళను ఇళ్ళ అరుగుల మీద కూర్చోబెట్టి మాట్లాడించింది. అమ్మను ఆఖర్న తీద్దాం, తీరిగ్గా తీద్దాం అనుకుంది.

ఆ తీరిక రాకముందే తల్లికి పక్షవాతం వచ్చింది. కుడి చెయ్యి, కుడి కాలు పడిపోయాయి. మాట పూర్తిగా పోయింది.

ఇక్కడ మగ్గాల షెడ్డు గురించి కాస్త చెప్పాలి. ఆ షెడ్డులో వందల మగ్గాలు ఒక్కసారిగా కొట్టుకుంటుంటే చెవిలో నోరు పెట్టి అరిచినా వినబడదు. అందుకని అక్కడి ఆడవాళ్ళు చేతులతో మాట్లాడుకోవడం అలవాటు చేసుకున్నారు. అదేదో నాలుగు సైగలు కాదు. అత్తగారి సాధింపులు, పిల్లల జ్వరాలు, కొత్త చీర ధర, మేస్త్రీ పొట్ట మీద హాస్యాలు, అన్నీ చేతుల్లోనే నడిచేవి. దాన్ని మిల్లు మాట అనేవారు. మగవాళ్ళకు నేర్పేవారు కాదు. మేస్త్రీలకు ఒక సైగ అర్థమైందని అనుమానం వస్తే ఆ మధ్యాహ్నానికల్లా దాన్ని మార్చేసేవారు. గేటు దాటి బయటికి వస్తే చేతులు దించేసుకోవాలి. ఇంట్లో, వీధిలో, పిల్లల ముందు ఆ మాట ఆడకూడదు. అది వాళ్ళు వాళ్ళకు పెట్టుకున్న కట్టుబాటు.

కెమెరా చిన్నప్పుడు ఒకే ఒక్కసారి ఆ మాట చూసింది. అమ్మ మరచిపోయిన టిఫిన్ డబ్బా పట్టుకుని వెళ్ళి షెడ్డు తలుపు సందులోంచి తొంగిచూసింది. తలనిండా దూది నుసితో, ఇంట్లో పెదవి విప్పని అమ్మ, అక్కడ రెండు చేతులతో గలగలా మాట్లాడేస్తోంది. పక్క మగ్గం ఆవిడ పొట్ట పట్టుకుని నవ్వుతోంది. అమ్మ ముఖంలో అంత వెలుగు ఆ పిల్ల అంతకుముందు చూడలేదు, ఆ తర్వాతా చూడలేదు. సాయంత్రం ఇంటికి రాగానే, "నాకూ నేర్పవే ఆ మాట" అని వెంటపడింది.

"అది మిల్లుది. ఇంట్లో ఎందుకు?" అని తల్లి పొయ్యి దగ్గరికి వెళ్ళిపోయింది.

అలాంటిది, మంచాన పడ్డ తర్వాత ఒక ఉదయం తల్లి ఎడమ చెయ్యి లేచింది. అరచేతిని గుండె మీద రెండుసార్లు తట్టుకుంది. రెండు వేళ్ళు చాచి పక్కకు చూపించింది. కనుబొమలు పైకెత్తి కూతురి ముఖంలోకి చూసింది. చూస్తూనే ఉండిపోయింది. కాసేపటికి మళ్ళీ అదే.

జబ్బు వల్ల చెవుల్లో ఎప్పుడూ హోరు వినబడుతూ ఉంటుందని, ఎక్కడున్నదీ తెలియకపోవచ్చని డాక్టరు అప్పటికే చెప్పాడు. షెడ్డులోనే ఉన్నాననుకుంటోందని కూతురికి అర్థమైంది. ఎన్నో ఏళ్ళ కిందట తలుపు సందులోంచి చూసిన మాట ఇప్పుడు తన కోసం తన ఇంట్లోకి వచ్చింది. అంత దుఃఖంలోనూ ఆమె ప్రాణం లేచి వచ్చింది. చెప్పుకోవడానికి బాగుండదు, కానీ జరిగింది అదే. ఆమె లోపలి గదిలోకి వెళ్ళి కెమెరా తెచ్చుకుంది.

ఆ సైగకు అర్థం కనుక్కోవాలి. ఇక సినిమా అంతా ఆ ఒక్కదాని మీదే ఆగిపోయింది. ముందు మిల్లులో పనిచేసిన మేస్త్రీ దగ్గరికి వెళ్ళింది. ఆయన వరండాలో కుర్చీ వేసుకుని, పడగొడుతున్న మిల్లు వైపు వీపు పెట్టి కూర్చునేవాడు.

ఆమె సైగ చేసి చూపించింది. 

"ఇది చూశానమ్మా. అర్థం మాత్రం అడక్కు. మాకు అర్థమయ్యేలా మాట్లాడితే వాళ్ళు ఆ ఆడవాళ్ళెందుకవుతారు?"

"ఎప్పుడు చూశారు బాబాయ్?"

"రోజూ చూసేవాణ్ణేమో, గుర్తు లేదు. సమ్మె రోజు మాత్రం బాగా గుర్తు. ఒకావిడ ఇలా గుండె తట్టుకుని, ఇలా రెండు వేళ్ళు చూపించి బయటికి పోయింది. తర్వాత ఇంకొకావిడ. తర్వాత ఇంకొకావిడ. నేను అటు తిరిగి ఇటు తిరిగేలోగా షెడ్డు ఖాళీ. నా కళ్ళ ముందే, నాకు తెలీకుండా! మేనేజరు నన్ను నిలబెట్టి కడిగేశాడు."

మేస్త్రీ తెలియదన్నది ఆమె చెవికెక్కలేదు, సమ్మె అన్నది ఎక్కింది. ఇంటికి వచ్చే దారిలోనే చిలవలు పలవలు అల్లేసుకుంది. గుండె మీద చెయ్యి అంటే ఆన. రెండు వేళ్ళు అంటే ఇద్దరిద్దరుగా. పైకెత్తిన కనుబొమలు పిలుపు. మనమంతా బయటికి పోదాం, వస్తావా అని అమ్మ అడుగుతోంది. నోట్లో నాలుక లేని అమ్మ సమ్మెకు పిలుపునిచ్చిన మనిషి! ఏళ్ళ తరబడి ఆ సంగతి కడుపులో దాచుకుని ఇప్పుడు చెబుతోంది!

మంచం కిటికీ పక్కకు జరిపించింది. వెలుగు చెయ్యి మీద పడేలా తెర సర్దింది. మూడు కాళ్ళ స్టాండు మంచం పక్కనే పాతుకుపోయింది. తల్లికి సాయంగా పెట్టుకున్న ఆయా అన్నం తినిపించడానికి దాన్ని తప్పుకుంటూ రావలసి వచ్చేది.

"పెద్దావిడకు ఆ స్పృహ కూడా పోయినట్టుందమ్మా," అంది ఆయా ఒకరోజు దుప్పటి మారుస్తూ. "చెయ్యి ఊపుతుంది ఊపుతుంది, ఆ తర్వాత పక్క తడిపేసుకుంటుంది. తడిపాక ముఖం గోడకు తిప్పేసుకుంటుంది."

"జబ్బు కదా," అంది కెమెరా. ఆమె కళ్ళు అప్పుడే తీసిన షాట్ మీద ఉన్నాయి.

షెడ్డు ఆడవాళ్ళలో కొందరు పోయారు, మిగిలినవాళ్ళు మిల్లు మూతపడ్డాక తలోచోటికి చెదిరిపోయారు. అయినా సంగతి తెలిసిన మనిషి లేకపోలేదు. అమ్మకు పక్క మగ్గం మనిషి, ఆ రోజు పొట్ట పట్టుకుని నవ్వినావిడ, కాలనీ పిల్లలందరికీ నవ్వుల పిన్ని. మిల్లు మూతపడ్డాక కూతురి దగ్గర ఉందామని వేరే ఊరు వెళ్ళిపోయింది. చెవులు పూర్తిగా పోయాయి కనుక ఫోనులో మాట్లాడడం కుదరదు, బస్సెక్కి వెళ్ళాలి. వెళదాం, ఈ వారం కాదు వచ్చే వారం అనుకుంటూ కెమెరా వాయిదా వేసింది. పని తెమలక అని తనకు తానే చెప్పుకుంది. నిజానికి అర్థం తెలిసిపోతే ఆ షాట్ చిన్నబోతుందేమోనని ఆమెకు లోపల ఎక్కడో భయం. తెలియని మాటలో ఉన్న అందం తెలిసిన మాటలో ఉండదని ఆమె నమ్మకం. నాకైతే ఆ నమ్మకం తలచుకుంటేనే ఒళ్ళు మండుతుంది.

వాన పడుతున్న ఒక ఉదయం తల్లి పోయింది. పోయే ముందు రోజుల్లో చెయ్యి లేవడం మానేసింది. అడిగీ అడిగీ విసిగిపోయినదానిలా దుప్పటి మీద పడి ఉండేది.

సినిమా పూర్తయింది. చివర్లో తల్లి షాట్. పడగొట్టిన షెడ్డు మీదుగా దుమ్ము లేస్తుంది, దుమ్ములోంచి కిటికీ వెలుగు, వెలుగులో ఆ చెయ్యి. గుండె మీద రెండుసార్లు, పక్కకు రెండు వేళ్ళు, పైకెత్తిన కనుబొమలు. కింద అక్షరాలు: ఈ పిలుపు తెలిసిన ఆఖరి మనిషి వెళ్ళిపోయింది. దూరదేశంలో పెద్ద సినిమా పోటీ జరిపేవాళ్ళు నమూనా ప్రతి చూశారు. ఈ చివరి షాట్ కోసమే తీసుకుంటున్నామని ఫోను చేసి చెప్పారు. ఇన్నేళ్ళుగా మూతపడ్డ గేట్ల ముందు కళ్ళు కాయలు కాచేలా ఎదురుచూసిన ఫోను అది.

తుది ప్రతి పంపించే ముందు కాలనీవాళ్ళకు చూపించాలనుకుంది. అక్కడ ఆమెకు తప్పు పట్టలేం. వాళ్ళ సినిమా వాళ్ళే ముందు చూడాలి అంది. కాలనీ హాల్లో తెర కట్టించింది. ఇనుప కుర్చీలు చాలక కొందరు కింద కూర్చున్నారు. ఎవరో కబురు చేస్తే నవ్వుల పిన్ని కూడా కూతురి చెయ్యి పట్టుకుని వచ్చింది. నడుము వంగిపోయింది, ముఖం మాత్రం అదే.

సినిమా నడుస్తున్నంతసేపు హాలంతా సందడే. "అదిగో మా ఆయన!", "ఆ పంపు దగ్గరే నేను జారి పడ్డది!" అంటూ తెర మీద మనుషులకు కింద మనుషులు జవాబులు చెప్పారు. చివరి షాట్ వచ్చింది. తల్లి చెయ్యి గుండె మీదికి లేచింది.

వెనక వరుసలో, కబురంది వచ్చిన షెడ్డు ముసలమ్మలు ఇద్దరు కిసుక్కున నవ్వారు. ఎప్పటిదో హాస్యం గుర్తొచ్చినట్టు. ఆ వెంటనే నోటికి కొంగు అడ్డం పెట్టుకున్నారు. తెర మీద తల్లి మళ్ళీ అడిగింది. మళ్ళీ అడిగింది. ఈసారి ఎవరూ నవ్వలేదు.

దీపాలు వెలిగాక నవ్వుల పిన్ని లేచి ముందుకు వచ్చింది. చెవులు పోయిన మనిషి కదా, గొంతు ఎంత పెద్దదో తనకు తెలియదు. ఆమె మాట్లాడితే హాలు మొత్తానికి వినబడుతుంది.

"ఇది తీసిందెవరే?"

"నేనే పిన్నీ," అంది కెమెరా. పిన్ని ఆమె పెదవులను చూసి మాట పోల్చుకుంది.

"నువ్వు పక్కనే ఉన్నావా అప్పుడు?"

"ఉన్నాను."

"మరి తీసుకెళ్ళలేదేం?"

"ఎక్కడికి పిన్నీ?"

పిన్ని ఆమెను వింతగా చూసింది. ఆట పట్టిస్తోందేమోనన్నట్టు చూసింది. "ఎక్కడికేమిటే? ఒంటికి! నా మగ్గాలు రెండూ చూస్తుండు, ఒంటికి వెళ్ళొస్తా అంటోంది కదే మీ అమ్మ. అంత బతిమాలుతోంది, ముఖం చూస్తే తెలీడంలా?"



"సమ్మె..." అంది కెమెరా. "సమ్మె రోజున అందరూ ఇదే..."

"సమ్మె రోజా? ఆ రోజు ఒక్కొక్కళ్ళం ఒంటికని చెప్పి పోయి తిరిగి రాలేదు. పాపం మేస్త్రీకి ఏం తెలుసు." పిన్ని నవ్వబోయి ఆగింది. కెమెరా ముఖం చూసింది. అప్పటికి అర్థమైంది పిన్నికి. గొంతు తగ్గించాలని చూసింది, చేతకాలేదు. "దానికి జవాబు ఎవరూ ఇవ్వలేదా అయితే?"

"జవాబా?"

పిన్ని కుడి అరచేతిని తన ఎడమ భుజం మీద వేసుకుని ఒక్కసారి అదిమింది. "ఇదీ జవాబు. నేను చూస్తాలే, వెళ్ళిరా అని. ఇది చూడందే కదిలేవాళ్ళం కాదమ్మా. మగ్గం వదిలి పోతే నూలు తెగి గుడ్డ పాడైపోతుంది. మీ అమ్మ మరీనూ. ఒకసారి నేను పోగులు అతుకుతూ అటు చూడనే లేదు. ఎంతసేపు అడిగిందో ఏమో, బిగబట్టుకుని అలాగే నిలబడిపోయింది. తర్వాత నన్ను చేతులతోనే చెడామడా తిట్టింది."

చుట్టూ చేరిన ఆడవాళ్ళు కెమెరా వీపు నిమిరారు. నీకు తెలియక జరిగింది, నువ్వేం చేస్తావు అన్నారు. నవ్విన ముసలమ్మలు ఇద్దరూ ఏడ్చారు. ఆయా హాలు తలుపు దగ్గర నిలబడి ఉంది. ఎవరైనా ఒక్కరు తిట్టి ఉంటే కెమెరాకు కాస్త ఊపిరాడేది.

మర్నాడు గది తలుపు వేసుకుని, సినిమాలోకి తీసుకోని ముక్కలన్నీ మొదటి నుంచి పెట్టి చూసింది. సినిమాలో ఆ షాట్‌కు శబ్దం తీసేసి సన్నటి సంగీతం వేసింది. ఇప్పుడు శబ్దంతో విన్నది. ప్రతి ముక్కలోనూ తల్లి చెయ్యి లేవగానే కెమెరా వెనక నుంచి తన గొంతే. "చాలా బాగుందమ్మా. ఇంకోసారి." తల్లి ఆశగా చూస్తుంది, మళ్ళీ చేస్తుంది. "ఇంకోసారి అమ్మా, ఇటు చూసి." మళ్ళీ చేస్తుంది. ఒక దాంట్లో ఆయా గొంతు, "పక్క చూడాలమ్మా, కాస్త జరుగుతారా?" దాని మీద తన గొంతు, "ఒక్క నిమిషం ఆగు, వెలుగు పోతుంది." ఆ నిమిషంలో తల్లి ముఖం మెల్లగా మారింది. కనుబొమలు దిగిపోయాయి. ముఖం గోడకు తిరిగింది. ఆ తిరగడం ఎంత అందంగా ఉందో అని అప్పుడు డైరీలో రాసుకోవాలనిపించింది కూడా. ఆ సంగతి గుర్తొచ్చి ఆమె గదిలో నేల మీద కూర్చుండిపోయింది.

పోటీవాళ్ళకు ఫోను చేసి ఆ షాట్ తీసేస్తున్నానంది. ఎందుకని అడిగితే ఉన్నది ఉన్నట్టు చెప్పింది. అవతలి మనిషి, "అలాగైతే ఇంకా గొప్ప సినిమా అవుతుంది. అక్షరాలు మార్చి, అసలు అర్థం వేసి, హాల్లో జరిగింది కూడా చేర్చండి. చూసినవాళ్ళు మరచిపోలేరు," అన్నాడు. మంచి మనిషే, మంచి మాటే అనుకుని అన్నాడు. ఆమె ఫోను పెట్టేసింది. తల్లి తడిసిన పక్కను లోకమంతా మరచిపోకుండా చూడాలట.

షాట్ తీసేసి పంపింది. సినిమాలో ఇటుకలూ దుమ్మూ మిగిలాయి. కొన్నాళ్ళకు మర్యాదగా తిరిగి వచ్చింది.

ఇప్పుడు మిల్లు ఉన్న చోట చదునైన నేల ఉంది. చుట్టూ రేకుల కంచె. కెమెరా ఆ పక్కగా వెళుతుంది, ఆగదు. భుజాన బరువు లేదు. అయినా వీధిలో అందరూ కెమెరా అనే పిలుస్తారు. పిలిచినప్పుడల్లా అది తిట్టులా తగులుతుంది, పిలిచినవాళ్ళకు తెలియదు. నవ్వుల పిన్ని దగ్గరికి రెండు మూడుసార్లు వెళ్ళింది. మిల్లు మాట నేర్పమంది. పిన్ని చేతులు ఒళ్ళో పెట్టుకుని, "ఇప్పుడు ఎవరితో ఆడతావే?" అని ఊరుకుంది. నేర్పినది ఆ హాల్లో నేర్పిన జవాబు ఒక్కటే.

తల్లి మంచం ఇంకా కిటికీ పక్కనే ఉంది. పరుపు తీసేసి ఎండలో పెట్టారు, మళ్ళీ వేయలేదు. మధ్యాహ్నం కిటికీ వెలుగు చెక్కల మీద పడే వేళకు ఆమె స్టాండు నిలబెట్టిన చోటే కుర్చీ వేసుకుని కూర్చుంటుంది. ఒళ్ళో చిన్న తెర తెరిచి ఆ ముక్క పెడుతుంది. శబ్దం తీసేస్తుంది, తన గొంతు వినలేక. తల్లి ఎడమ చెయ్యి గుండె మీదికి లేస్తుంది. రెండుసార్లు తట్టుకుంటుంది. రెండు వేళ్ళు చాచి, కనుబొమలెత్తి, కూతురి కళ్ళలోకి చూస్తుంది.

కూతురు కుడి అరచేతిని ఎడమ భుజం మీద వేసుకుని గట్టిగా అదుముతుంది. వెళ్ళిరా అమ్మా, నేను చూస్తాను.

తెర మీద తల్లి మళ్ళీ అడుగుతుంది.